వ్యాపారం సంగతి సరే, ఆమె పక్కన ఎవరున్నారు?

“మా ఆవిడ పోయి ఏడాదిన్నర. ఆ వెంటనే అమ్మాయికి లింఫోమా అనే క్యాన్సర్ అని తేలింది. చికిత్స అయిపోయింది, డాక్టర్లు బాగానే ఉందంటున్నారు. ఇప్పుడేమో ఉద్యోగం మానేసి సొంతంగా గ్రాఫిక్ డిజైన్ పని పెట్టుకుంటానంటోంది. డబ్బు నేనిస్తాను, కాకపోతే రోజూ లెక్కలు చూస్తానన్నాను. ఉద్యోగమా, వ్యాపారమా, పోల్చి చెప్పండి” అని ఒక తండ్రి రాశారు.

సార్, జీతం పోతుందన్నది పైకి కనిపించే దిగులే. కష్టపడితే జబ్బు మళ్లీ తిరగబెడుతుందేమోనన్నదే మీ అసలు భయం. ఒత్తిడి వల్లే క్యాన్సర్ తిరిగొస్తుందనడానికి గట్టి రుజువులు లేవు. దయచేసి ఆ మాట ఆమె చెవిన వేయకండి.

అలాగని సొంత వ్యాపారమంటే ఎగిరి గంతేసే మనిషిని కాను. జబ్బును గెలిచి కంపెనీ పెట్టినవాళ్ల కథలు ఈమధ్య తెగ తిరుగుతున్నాయి. ఆ నెలల్లో ఇంటి అద్దె ఎవరు కట్టారో, ఆసుపత్రి వరండాలో ఎవరు కూర్చున్నారో వాటిలో ఉండదు. 1967లో హోమ్స్, రాహే అనే ఇద్దరు అమెరికన్ మానసిక వైద్యులు జీవితంలో వచ్చే మార్పుల భారానికి మార్కులు వేశారు. దగ్గరి కుటుంబసభ్యుల మరణానికి 63, సొంత జబ్బుకు 53, వేరే రకం పనిలోకి మారడానికి 36. మోటు కొలతే, కానీ మొదటి రెండూ దిగకముందే మూడోది ఎత్తుకుంటోందని తెలుస్తుంది కదా. పైగా చికిత్స ముగిశాక కూడా కొందరికి నెలల తరబడి అలసట వదలదు, ఎంత నిద్రపోయినా తీరదు. క్లయింటుకు ఇచ్చిన గడువు మాత్రం ఆగదు.

అందుకే పెట్టుబడికన్నా ముందు మనుషులను చూసుకోవాలి. తను లేవలేని రోజున ఫైళ్లు తెరిచి పని పూర్తి చేసే ఇంకో డిజైనర్ ఉండాలి. బకాయిల కోసం ఫోన్లు చేయడం, బిల్లులు పంపడం ఎవరైనా నెత్తిన వేసుకోవాలి. అది మీరే ఎందుకు కాకూడదు? రోజూ లెక్కలు చూడటాన్ని మీరు అండ అనుకుంటున్నారేమో, ఆమెకది కాపలాగా తోస్తుంది. నెలకోసారి, అదీ ఆమె చూపిస్తేనే చూడండి. ఇల్లు తాకట్టు పెట్టి మాత్రం డబ్బు తేవద్దు.

ఇంకో మాట, కోపం తెచ్చుకోకండి. ఇంత ఉత్తరంలో మీ భార్య గురించి ఒక్క వాక్యమే ఉంది. ఇంట్లో ఆవిడ గురించి మాట్లాడుకుంటున్నారా? మీ దుఃఖం మోయలేక కూతురి మీద కాపలా పెడుతున్నారేమో చూసుకోండి. మాట్లాడటానికి ఎవరూ లేకపోతే మీరూ ఒక కౌన్సెలర్‌ను కలవండి.

పోలిక అడిగారు కాబట్టి: కంపెనీ ఒప్పుకుంటే ఆమె కొన్నాళ్లు సగం రోజులు ఉద్యోగం చేస్తూ, మిగతా సమయంలో ఒకరిద్దరు క్లయింట్లతో మొదలుపెట్టడం మేలు. ఆరోగ్య బీమా ఉద్యోగంతో ముడిపడి ఉంటే, కొత్త పాలసీలో పాత జబ్బుకు బీమా వర్తించడానికి ఎన్నాళ్లు ఆగాలో రాతపూర్వకంగా తెలుసుకున్నాకే రాజీనామా. తర్వాతి స్కాన్‌కు తోడు రమ్మంటుందో వద్దంటుందో ఆమెనే అడగండి.