లైన్ క్లియర్: పాఠకుల ప్రశ్నలకు ఒక విశ్రాంత స్టేషన్ మాస్టరు జవాబులు

ప్రశ్న (తెనాలి నుంచి ఒక అధ్యాపకురాలు): మా అమ్మ రోలు, తిరగలి, బావి, కట్టెల పొయ్యితోనే సంసారం నడిపింది. అయినా సాయంత్రమయ్యేసరికి అరుగు మీద కూర్చుని నలుగురితో మాట్లాడేది. నాకు గ్రైండరు, వాషింగ్ మెషిన్, గ్యాసు, కారు అన్నీ ఉన్నాయి. అరుగూ లేదు, తీరికా లేదు. ఇవన్నీ మిగిల్చిన కాలం ఎటు పోయింది మాస్టారూ?

జవాబు: మీ అమ్మగారి తీరిక సంగతి ముందు ఆవిడనే అడగండమ్మా. అరుగు మీద కూర్చున్నప్పుడు కూడా ఆవిడ ఒళ్ళో బియ్యపు చేట ఉండే ఉంటుంది. ఆడవాళ్ళ పాత రోజులను మగవాళ్ళు పొగిడితే నేను నమ్మను. మీరు పొగిడారు కాబట్టి సగం నమ్ముతున్నాను.

మిగతా సగానికి జవాబు. జాన్ మేనార్డ్ కీన్స్ అనే ఆంగ్ల ఆర్థికవేత్త 1930లో ఒక ఊహ చేశాడు. నూరేళ్ళు గడిచేసరికి మనిషి వారానికి పదిహేను గంటలు పనిచేస్తే చాలునన్నాడు. ఆ గడువు 2030తో తీరుతుంది. సంపన్న దేశాల్లో సంపద ఎన్ని రెట్లు పెరుగుతుందో ఆయన వేసిన అంచనా దాదాపు సరిపోయింది. పెరిగాక మనిషి ఇక చాలంటాడని అనుకున్నాడే, అక్కడ లెక్క తప్పింది. వారానికి రెండుసార్లు బట్టలు ఉతికిన ఇంట్లో మెషిన్ వచ్చాక రోజూ ఉతుకుతున్నారు. కారు కొన్నాక ఉద్యోగం ఊరవతలికి జరిగినా ఎవరూ అదేమని అడగరు.

నేను దగ్గరగా చూసిన యంత్రం గడియారం. ఒకప్పుడు ఏ ఊరి పొద్దు ఆ ఊరిదే. రైలు వచ్చాక అది సాగలేదు. ఒకే పట్టాల మీద ఎదురెదురుగా బండ్లు నడపాలంటే రెండు స్టేషన్లలోనూ గడియారం ఒకే మాట చెప్పాలి. అందుకే మన రైళ్ళు మొదట్లో మద్రాసు సమయం పాటించాయి. 1906 జనవరి 1 నుంచి 82½ డిగ్రీల రేఖాంశం లెక్కన దేశానికంతటికీ ఒకే సమయం వచ్చింది. ఆ రేఖ మన తుని పరిసరాల మీదుగానే పోతుంది. తునిలో సూర్యుడు నడినెత్తికొచ్చిన దాదాపు ఇరవై నిమిషాలకు గానీ అనంతపురంలో రాడు. గడియారాలు మాత్రం రెండుచోట్లా ఒకేసారి పన్నెండు కొడతాయి. కలకత్తా 1948 దాకా, బొంబాయి 1955 దాకా తమ సొంత సమయాన్ని వదులుకోలేదు. బొంబాయి గడియారం దేశం కంటే 39 నిమిషాలు వెనక ఉండేది. ఆ మొండితనం నాకు ముచ్చటగానే ఉంటుంది గానీ, అక్కడ స్టేషన్ మాస్టరుగా పనిచేయమంటే మాత్రం దండం పెట్టేవాణ్ణి.

బండ్లు గుద్దుకోకుండా ఉండటానికి వచ్చిన సమయం అది. సాయంత్రం నాలుగింటికి, బండ్ల రాకపోకలను నడిపే కంట్రోల్ ఆఫీసు సమయం చెబితే స్టేషన్లలో గడియారాలు సరిచేసుకునేవాళ్ళం. స్టేషన్ కోసం పుట్టిన ఆ క్రమశిక్షణ బడిగంటలోకీ, కార్ఖానా కూతలోకీ, ఆఫీసు హాజరుపట్టీలోకీ పాకింది. జన్మలో రైలెక్కనివాడు కూడా ఇప్పుడు దానికి లోబడే బతకాలి. ఎవరినీ అడిగి పెట్టలేదు.

మీ ఇంటి సంగతీ అంతే. మీకు మెషిన్ ఉందని ఇంట్లోవాళ్ళకూ తెలుసు, కాలేజీకీ తెలుసు. మీకు మిగిలిన గంటను వాళ్ళు ముందే పంచేసుకున్నారు. రాత్రి పదింటికి కాలేజీ వాట్సాప్ గ్రూపులో మార్కుల పట్టిక అడగటం అందులో భాగమే. తొమ్మిది దాటాక చూడనని ప్రిన్సిపాల్‌కు కాగితం మీద రాసివ్వండి. కొంత గొడవ అవుతుంది, అవనివ్వండి.

ప్రశ్న (హైదరాబాద్ నుంచి ఒక ఇంజనీరింగ్ విద్యార్థి): ఈ నాగరికత ఎప్పుడు కూలిపోతుంది?

జవాబు: పరీక్షలు వాయిదా పడేంత త్వరగా మాత్రం కూలదు బాబూ, చదువుకో.

ప్రశ్న (సిరిసిల్ల నుంచి ఒక మరమగ్గాల కార్మికుడు): గాంధీగారు యంత్రాలను తిట్టారు. కానీ దేశమంతా రైళ్ళలోనే తిరిగారు. ఇదెలా కుదురుతుంది సార్?

జవాబు: పూర్తిగా కుదరదు. కుదరని సంగతి ఆయనకూ తెలుసు. యంత్ర నాగరికతను తిట్టిన ‘హింద్ స్వరాజ్’ పుస్తకాన్ని 1909లో లండన్ నుంచి దక్షిణాఫ్రికాకు తిరిగొస్తూ కిల్డోనన్ కాజిల్ అనే ఓడలో గుజరాతీలో రాశారు. కుడిచెయ్యి అలసిపోతే ఎడమచేత్తో సాగించారు. ఆవిరి ఓడలో కూర్చుని ఆవిరి నాగరికతను తిట్టారన్నమాట. రైళ్ళు ప్లేగును మోసుకొస్తాయనీ కరవులను పెంచుతాయనీ అందులో ఉంది. ఆ శాఖ ఉప్పు తిన్నవాడిగా నాకు మింగుడుపడలేదు. కానీ 1876–78 కరవు సంగతి చదివాక కొంత తగ్గాను. బళ్ళారి, కర్నూలు, కడప జిల్లాల్లో జనం రాలిపోతున్నప్పుడు రైలు ధాన్యాన్ని తెచ్చింది, తీసుకుపోయింది కూడా. దానికి ఆకలి కనబడదు, ధర కనబడుతుంది. సహాయ శిబిరాల్లో పనిచేసేవాడికి కరవు పనులు చూడటానికి ప్రభుత్వం పంపిన రిచర్డ్ టెంపుల్ దొర నిర్ణయించిన కూలి రోజుకు ఒక పౌను (అర కిలోకు కాస్త తక్కువ) ధాన్యం, ఒక అణా. ఇందులో ఇంజనుది తప్పని నేననను. ఎవరి చేతిలో ఉందన్నది చూడాలి.

గాంధీగారు 1924లో ఒక యంత్రాన్ని మెచ్చుకున్నారు కూడా. అది సింగర్ కుట్టుమిషను. భార్య చేత్తో కుట్టి అలసిపోవడం చూసి సింగర్ దాన్ని చేశాడన్నది ఆయన చెప్పిన కథ. తన అభ్యంతరం యంత్రం మీద లేదనీ, యంత్రాల వ్యామోహం మీదేననీ అప్పుడే అన్నారు. ఆ గీటురాయి మీద మీ మరమగ్గాన్ని పెట్టి చూడండి. అది చేనేత మగ్గాన్ని పక్కకు తోసినప్పుడు మీ తండ్రుల తరానికి కూలి దొరికింది. ఇప్పుడు అటూ ఇటూ నూలు మోసే షటిల్ లేని కొత్త రకం మగ్గాలు మీ మగ్గాన్ని తోస్తున్నాయి. ఈసారి కూలి ఎవరికి దొరుకుతుంది, ఎందరికి? కొత్త మగ్గాలకు రాయితీ ఇస్తామని ఎవరైనా మీటింగు పెడితే మొదట అడగవలసింది అదే.

ప్రశ్న (ప్రొద్దుటూరు నుంచి ఒక విశ్రాంత తపాలా ఉద్యోగి, 82 ఏళ్ళు): నేను బతికే ఉన్నానని ఏటా నిరూపించుకోవాలి. యంత్రం మీద వేలు పెడితే ముద్ర పడటం లేదు. ఫోనుకు నంబరు వస్తే మనవణ్ణి పిలవాలి, వాడు బెంగళూరులో ఉంటాడు. జీవితమంతా నా వేలిముద్రతో, సంతకంతో పనిచేసినవాణ్ణి. ఇది అభివృద్ధి అంటారా అన్నా?

జవాబు: అన్నా అన్నారు గానీ, మీరే నాకంటే పెద్దవారు. వయసుకు వేలిగీతలు అరుగుతాయి, ఇటుకలు మోసిన చేతులకు ఇంకా ముందే అరుగుతాయి. ఎక్కువ పనిచేసిన చేతినే ఆ యంత్రం గుర్తుపట్టలేకపోవడం నాకు పెద్ద అవమానంగా తోస్తుంది.

రెండు స్టేషన్ల మధ్య ఒకేసారి ఒక్క బండే ఉండేలా చూసే బ్లాక్ పరికరం రైల్వేలో చెడిపోతుంది. వానాకాలంలో మరీను. అప్పుడు ఏం చేస్తాం? పక్క స్టేషన్ మాస్టరుతో ఫోనులో మాట్లాడి ఆయన అనుమతికి రుజువుగా ప్రైవేటు నంబరు అనే రహస్య సంఖ్య తీసుకుని, ముందు దారి ఖాళీ అని చెప్పే లైన్ క్లియర్ టికెట్‌ను కాగితం మీద రాసి డ్రైవరు చేతికిస్తాం. సిగ్నల్ చెడి ఎరుపు దగ్గరే ఆగిపోతే దాన్ని దాటించడానికి వేరే ఫారం ఉంది, టి 369 (3బి). బండిని ఒక పట్టా నుంచి మరో పట్టాకు మళ్ళించే పాయింట్ల మోటారు కదలకపోతే క్రాంకు పెట్టి చేత్తో తిప్పి, క్లాంపు బిగించి తాళం వేస్తాం. బండి నెమ్మదిగా పోతుంది, కానీ పోతుంది. సిగ్నళ్ళనూ పాయింట్లనూ కంప్యూటరే నడిపే ఎలక్ట్రానిక్ ఇంటర్‌లాకింగ్ వచ్చిన స్టేషన్లలోనూ ఆ ఫారాలు బల్ల సొరుగులో ఉంటాయి, కొత్తగా చేరిన పిల్లలు వాటిని రాయడం నేర్చుకోవాల్సిందే.

మిగతా లోకం ఆ సొరుగును ఖాళీ చేసుకుంటోంది. 2024 జులై 19న క్రౌడ్‌స్ట్రయిక్ అనే సంస్థ పంపిన ఒక నవీకరణలో లోపం వల్ల ప్రపంచంలో దాదాపు 85 లక్షల విండోస్ కంప్యూటర్లు పడకేశాయి. ఆరోజు హైదరాబాద్ విమానాశ్రయంలో చేత్తో రాసిన బోర్డింగ్ పాసులతో కూడా ప్రయాణికులు విమానమెక్కారు. చాలామంది దాన్ని వింతగా ఫొటో తీసుకున్నారు. నాకు మాత్రం అక్కడ ఎవరికో ఇంకా పెన్నుతో రాయడం వచ్చునని ధైర్యం కలిగింది.

కొత్త పద్ధతి వచ్చినందుకు నాకు కోపం లేదు. మంచం పట్టినవాడికి ఇంట్లోంచే ఫోనులో ముఖం చూపించే వీలు దొరికింది, అది మేలే. పాత పద్ధతిని మూసేసి ఇదొక్కటే దారి అన్నప్పుడే మీలాంటివాళ్ళు బయటే మిగిలిపోతారు. మీ విషయంలో అది ఇంకా మూతపడలేదు. 2014లో డిజిటల్ పత్రం వచ్చినా, బ్యాంకుకు స్వయంగా వెళ్ళి కాగితం మీద జీవన ధ్రువపత్రం ఇచ్చే పద్ధతి ఉంది. ఎనభై దాటిన కేంద్ర పింఛనుదారులు నవంబరు రద్దీ దాకా ఆగనక్కర్లేదు, అక్టోబరు 1 నుంచే ఇవ్వవచ్చు. పింఛను పుస్తకం, గుర్తింపు కార్డు పట్టుకుని పొద్దున్నే వెళ్ళండి. కౌంటరులో కుర్రాడు కుదరదంటే అతనితో వాదించకండి, నేరుగా మేనేజరు దగ్గరికి వెళ్ళి, ఏ నిబంధన కింద కుదరదో రాసిమ్మనండి. ఆ కాగితం రాయడం కంటే మీ కాగితం తీసుకోవడమే సులువని ఆయనకు తోస్తుంది.