అక్కయ్యతో ముచ్చట: "అమ్మా, గెలిచాం"

ఈ నెల ఉత్తరాల్లో నాలుగు ఒకే విషయం మీద వచ్చాయి. 2025 డిసెంబర్ 6న అట్లాంటాలో జరిగిన ఎస్ఈసీ ఫైనల్, అంటే సౌత్ ఈస్టర్న్ కాన్ఫరెన్స్ కాలేజీ ఫుట్‌బాల్ ఫైనల్. కాలితో తన్నే ఫుట్‌బాల్ కాదు, కోడిగుడ్డు ఆకారపు బంతిని చంకలో పెట్టుకుని పరిగెత్తే అమెరికా ఆట. ఇరవై మూడేళ్లుగా నేనుండేది అట్లాంటాకి గంట దూరంలోని కమ్మింగ్‌లో. అందుకని ఈసారి జవాబులన్నీ దీని గురించే.

ప్రశ్న: అక్కయ్యా, మా అబ్బాయి అథెన్స్‌లో యూనివర్సిటీ ఆఫ్ జార్జియాలో ఎంఎస్ చేస్తున్నాడు. ఆ ఆదివారం పొద్దున్నే ఆరింటికి ఫోన్ చేశాడు. గొంతు బొంగురుపోయింది, ఏడుస్తున్నాడు. నాకు కాళ్లు చేతులు ఆడలేదు. ఏమైందిరా అంటే "అమ్మా, గెలిచాం" అన్నాడు. ఇక్కడున్నప్పుడు ఇండియా మ్యాచ్ కూడా సగంలో వదిలేసి పడుకునేవాడు. టికెట్‌కి బోలెడు డబ్బు పోశాడట. పైగా పరీక్షల రోజులు. వాళ్ల నాన్నగారికి ఇంకా చెప్పలేదు. నేను భయపడాలా?
– ఒక తల్లి, ఖమ్మం

జవాబు: చెల్లెమ్మా, భయపడాల్సిందేమీ లేదు. మీ ఉత్తరంలో నేను మళ్లీ మళ్లీ చదివిన మాట ఒక్కటే, "గెలిచాం". మా కాలేజీ గెలిచింది అనలేదు మీవాడు. చుట్టం లేని, పక్కం లేని ఊళ్లో దిగిన పిల్లవాడి నోట "మేము" అన్న మాట రావడానికి ఎన్నాళ్లు పడుతుందో నాకు తెలుసు. నాకైతే పదేళ్లు పట్టింది.

ఆ రోజు జార్జియా 28, అలబామా 7. అంత తేడాతో గెలిస్తే ఏడుపెందుకు అని మీకు అనిపించవచ్చు. ఈ రెండు జట్లూ ఈ ఫైనల్లో తలపడటం ఇది అయిదోసారి. అంతకుముందు 2012లో, 2018లో, 2021లో, 2023లో, నాలుగుసార్లూ అలబామాయే గెలిచింది. 2025 సెప్టెంబర్‌లో కూడా అథెన్స్‌కే వచ్చి 24-21తో ఓడించి వెళ్లింది. మీవాడు ఏడ్చింది ఒక్క సాయంత్రం ఆట చూసి కాదు.

2012 సంగతి చెబుతాను. మా ఎదురింటి పెద్దాయన అరవైల్లో అథెన్స్‌లో చదువుకున్నవాడు. ఆ రోజు ఆయన ఇంట్లోనే చూశాం. స్కోరు 32-28, జార్జియా నాలుగు పాయింట్లు వెనక. మైదానం చివరి గీత దాటితే ఆరు పాయింట్లు, అంటే గెలుపే. దానికి ఎనిమిది గజాలుంది, చేతిలో కొన్ని సెకన్లే ఉన్నాయి. జార్జియా ఆటగాడు ఆరన్ మర్రే మూలకి బంతి విసిరాడు. అలబామా కుర్రాడి చెయ్యి తగిలి అది దారి తప్పింది. దగ్గర్లో ఉన్న మావాడే, క్రిస్ కాన్లీ, ఒడిసి పట్టుకుని గీతకి అయిదు గజాల ముందే పడిపోయాడు. ఆ బంతి నేలపాలైతే గడియారం ఆగేది, ఇంకో అవకాశం దొరికేది. పట్టుకున్నాడు కాబట్టి గడియారం ఆగలేదు, ఆట అయిపోయింది. చేతికొచ్చిన బంతిని ఎవరైనా పట్టుకుంటారు కదా, ఆ పిల్లవాడి తప్పేముంది? పెద్దాయన టీవీ ఆపలేదు. లేచి వెళ్లి వాకిట్లో నిలబడ్డాడు, స్వెటర్ కూడా వేసుకోలేదు. మా అమ్మాయికి అప్పుడు పదకొండేళ్లు. వెళ్లి ఆయన పక్కన నిలబడింది. మర్నాడు పులిహోర చేసి పంపించాను. అంతకన్నా ఏం చెయ్యాలో నాకు తోచలేదు.

2018 ఫైనల్ ఇంకోరకం. జేలెన్ హర్ట్స్ అని అలబామా కుర్రాడు. ఆ ఏడాది జనవరిలో జాతీయ ఫైనల్లో, జార్జియా మీదే, అట్లాంటాలోని ఇదే స్టేడియంలో, సరిగ్గా ఆడటం లేదని సగం ఆటకే అతన్ని పక్కన కూర్చోబెట్టారు. అతని బదులు దిగిన టువా జట్టుని గెలిపించాడు. మర్నాటి నుంచి అందరూ టువా పేరే జపించారు. హర్ట్స్ జట్టు వదిలి పోలేదు. డిసెంబర్‌లో అదే మైదానంలో టువా కాలికి దెబ్బ తగిలింది. ఏడు పాయింట్లు వెనకబడి ఉండగా హర్ట్స్ దిగాడు. బంతి విసిరి సమం చేశాడు, నిమిషం మిగిలి ఉండగా తానే పరిగెత్తి గీత దాటాడు. 35-28. ఓడింది మేమే అయినా ఆ కుర్రాణ్ని చూసి మా అమ్మాయి కళ్లు తుడుచుకుంది.

ఇక నేను చేసిన తప్పు. 2021 డిసెంబర్‌లో మా అమ్మాయి అథెన్స్‌లో మూడో ఏడు చదువుతోంది. ఫైనల్ 41-24తో పోయింది. రాత్రి ఫోన్ చేసి "అమ్మా, ఓడిపోయాం" అంది. "ముందు చదువు సంగతి చూసుకో, ఆటలు ఎక్కడికీ పోవు" అన్నాను. నాలుగు రోజులు ఫోన్ లేదు. తర్వాత నెలలో జాతీయ ఫైనల్లో అదే అలబామాని జార్జియా 33-18తో ఓడించింది. కాలేజీకి 41 ఏళ్ల తర్వాత జాతీయ టైటిల్. ఆ రాత్రి అది మొదట ఫోన్ చేసింది నాకు కాదు, ఎదురింటి పెద్దాయనకి.

కాబట్టి మీవాణ్ని ఆట గురించి అడగండి. ఎక్కడ కూర్చున్నావు, ఎవరితో వెళ్లావు, చలి వేసిందా, ఏం తిన్నావు అని అడగండి. ఆ తర్వాత టికెట్ ఎంతో కూడా అడగండి. పార్ట్‌టైమ్ డబ్బుల్లోంచి పెట్టుకుంటే ఒక్క మాట అనొద్దు. క్రెడిట్ కార్డు మీద గీకి ఉంటే మాత్రం ఊరుకోకండి, ఆ బాకీ ఎన్నాళ్లలో తీరుస్తాడో గట్టిగా తేల్చుకోండి. వాళ్ల నాన్నగారికి మీరు చెప్పొద్దు, వాడినే చెప్పమనండి.

ప్రశ్న: కాన్ఫరెన్స్ అంటే ఏమిటి? ఫైనల్‌కి ఆ ఇద్దర్నీ ఎలా తేలుస్తారు? ఆట ఎలా అర్థం చేసుకోవాలి?
– డిగ్రీ విద్యార్థి, విజయనగరం

జవాబు: బాబూ, ఇక్కడ కాన్ఫరెన్స్ అంటే మీటింగు కాదు, కలిసి ఆడుకునే యూనివర్సిటీల కూటమి. ఎస్ఈసీలో 1990 నాటికి పది ఉండేవి. ఆర్కన్సా, సౌత్ కరొలైనా చేరి పన్నెండయ్యాక రెండు డివిజన్లు చేసి, వాటి విజేతల మధ్య 1992లో బర్మింగ్‌హామ్‌లో మొదటి ఫైనల్ పెట్టారు. అందులో అలబామా 28-21తో ఫ్లోరిడాని ఓడించింది. 1994లో ఫైనల్ అట్లాంటాకి వచ్చింది, ఇప్పటికీ ఇక్కడే. 2012లో టెక్సస్ ఏ అండ్ ఎం, మిజోరి చేరి పద్నాలుగు, 2024లో టెక్సస్, ఓక్లహోమా కూడా చేరి పదహారయ్యాయి, డివిజన్లు తీసేశారు. పట్టికలో మొదటి ఇద్దరే ఫైనల్ ఆడతారు. 2025లో నాలుగు జట్లు ఏడేసి గెలుపులు, ఒక్కో ఓటమితో సమంగా నిలిస్తే టైబ్రేక్ నిబంధనలతో ఇద్దర్ని తేల్చాల్సి వచ్చింది.

ఆట నాకు ఎదురింటి పెద్దాయన మా వంటింటి బల్ల మీద చింతపిక్కలతో నేర్పించాడు. మైదానం వంద గజాలు. నాలుగు పిక్కలు ఇటు పెట్టి, ఇవి నీకున్న నాలుగు అవకాశాలు, వీటితో పది గజాలు ముందుకి జరగాలి అన్నాడు. జరిగితే మళ్లీ నాలుగు పిక్కలు. జరక్కపోతే బంతి అవతలివాళ్లది. చివరి గీత దాటితే ఆరు పాయింట్లు, ఆ తర్వాత కర్రల మధ్యకి తంతే ఇంకొకటి. గీత దాకా వెళ్లలేక దూరం నుంచి తన్నితే మూడు. ఇంత తెలిస్తే చాలు, మిగతాది చూస్తూ ఉంటే వస్తుంది.

ప్రశ్న: ఓడిన జట్టు కూడా జాతీయ పోటీకి వెళ్తోందట. మరి ఈ ఫైనల్ దేనికి? పిల్లలు దెబ్బలు తగిలించుకోవడానికా?
– రిటైర్డ్ డ్రిల్ మాస్టారు, నెల్లూరు

జవాబు: మాస్టారూ, మీ ప్రశ్న నన్నూ బాధపెట్టేదే. 2024 నుంచి జాతీయ పోటీకి పన్నెండు జట్లు వెళ్తున్నాయి. 2024లో టెక్సస్ ఈ ఫైనల్ ఓడి కూడా వెళ్లింది, 2025లో అలబామా కూడా అంతే. అదే 2024 ఫైనల్లో జార్జియా తరఫున బంతి విసిరే కార్సన్ బెక్ మోచేతికి దెబ్బ తగిలి అతని సీజనే ముగిసిపోయింది. బదులు దిగిన గన్నర్ స్టాక్టన్ అదనపు సమయం దాకా లాక్కొచ్చాడు. గీత దగ్గర అతన్ని గుద్దితే హెల్మెట్ ఎగిరిపోయింది. హెల్మెట్ ఊడితే ఆ తర్వాతి ఒక్క అవకాశానికి బయట కూర్చోవాలని రూలు. ఆ ఒక్క అవకాశానికి, విసరలేని చేత్తో బెక్ మళ్లీ లోపలికొచ్చాడు. బంతిని పక్కవాడి చేతిలో పెట్టాడు, అతను నాలుగు గజాలు పరిగెత్తాడు, 22-19తో జార్జియా గెలిచింది. బెక్ తల్లి ఎలా చూసిందో అని ఇప్పటికీ అనుకుంటాను. దెబ్బల విషయంలో మీతో వాదించను.

అయినా అందరికీ ఆ వెసులుబాటు ఉండదు. అదే రోజు రాత్రి షార్లెట్‌లో ఇంకో కాన్ఫరెన్స్, ఏసీసీ ఫైనల్. క్లెమ్సన్ ఓడితే ఇంటికే. 31-31 దగ్గర ఆఖరి తన్ను, 56 గజాలు, తన్నాల్సింది మొదటి ఏడాది చదివే నోలన్ హౌజర్. బంతి కర్రల మధ్య నుంచే పోయింది. క్లెమ్సన్ జాతీయ పోటీకి వెళ్లింది, పన్నెండింటిలో ఒక చోటు దానికి పోవడంతో, ఆ ఒక్క తన్నుతో అలబామా బయటికి పోయింది.

ప్రశ్న: ఆగస్టులో అథెన్స్ వెళ్తున్నాను. ఎవరూ తెలియరు. ఒంటరిగా మ్యాచ్‌కి వెళ్లాలంటే టెన్షన్‌గా ఉంది.
– హైదరాబాద్ అమ్మాయి

జవాబు: వెళ్లు తల్లీ. ముందు మీ కాలేజీ స్టేడియంలోనే చూడు. తొంభై వేల మందికి పైగా పడతారు. నాలుగో భాగం మొదలయ్యేటప్పుడు అందరూ ఫోన్ లైట్లు పైకెత్తుతారు, నువ్వూ ఎత్తు. మామూలు హ్యాండ్‌బ్యాగ్ లోపలికి రానివ్వరు, లోపలున్నవి కనిపించే ప్లాస్టిక్ సంచి తీసుకెళ్లు. డిసెంబర్ ఫైనల్‌కి అట్లాంటా వస్తే కారు వద్దు, మార్టా రైలెక్కి వైన్ సిటీలో దిగితే స్టేడియం పక్కనే. ఇంటర్వెల్‌కి టాయిలెట్‌కి పరిగెత్తకు. ఇద్దరు విద్యార్థులు పెద్ద డాక్టర్ పెప్పర్ కూల్‌డ్రింక్ డబ్బా బొమ్మకున్న కన్నంలోకి బంతులు విసురుతారు, ఎవరివి ఎక్కువ పడితే వాళ్లకి లక్ష డాలర్ల ఫీజు సాయం. ఫీజు కట్టే ఇంటి పిల్లవి, నీకు ఆ అర నిమిషం ఎలా ఉంటుందో నాకు తెలుసు.

జార్జియా గెలిచిన రోజు నార్త్ క్యాంపస్‌లో చాపెల్ వెనకున్న చెక్క గోపురం దగ్గరికి వెళ్లు. గెలిచినప్పుడల్లా పిల్లలు అక్కడి గంట కొడతారు. వరసలో నిలబడు, ముందున్నవాళ్లూ వెనకున్నవాళ్లూ వాళ్లంతట వాళ్లే పలకరిస్తారు. నీ వంతు వచ్చినప్పుడు తాడు రెండు చేతులతో పట్టుకుని లాగు, ఒక చేత్తో లాగితే మోగదని మా అమ్మాయి చెప్పింది.