నీ దారి ఖర్చుల లెక్క తీయి, అల్లుడూ

చిరంజీవి అల్లుడికి శ్రీకాకుళం నుంచి మామయ్య ఆశీస్సులు.

నీ లడఖ్ యాత్ర మూడు అధ్యాయాలూ రెండేసిసార్లు చదివాను. బండి మీద అంత దూరం వెళ్లొచ్చి, అది రాయాలని కూర్చున్నావంటే నాకెంత సంతోషమో చెప్పలేను. కానీ నాన్నా, పేజీకోసారి చావు తప్పించుకున్నావు తప్ప, ఎక్కడ తిన్నావో, ఎక్కడ పడుకున్నావో ఎక్కడా లేదు.

ఏనుగుల వీరాస్వామయ్య గారు 1830 మేలో మద్రాసు నుంచి కాశీకి బయల్దేరారు. పదిహేను నెలలు తిరిగి, వచ్చేటప్పుడు కలకత్తా, పూరీ మీదుగా మన శ్రీకాకుళం దారినే వెళ్లారు. ఏ ఊళ్లో దిగిందీ, అక్కడ ఏం దొరికేదీ, నీళ్లకి ఇబ్బంది ఉందా లేదా, అన్నీ ఏ రోజుకారోజు రాసుకున్నారు. 1838లో అచ్చయిన ఆ పుస్తకం నేటికీ చదువుతున్నాం. నువ్వు నోట్సు రాసుకోలేదన్నావు కదా, టెన్షన్ పడకు. ఫోన్‌లో డబ్బులు కట్టిన లిస్టు తీసి, ఫొటోల మీద టైము చూసి పక్కపక్కన పెట్టుకో. సగం యాత్ర తిరిగొస్తుంది.

ఖర్దుంగ్ లా కనుమ ఎత్తు 18,380 అడుగులని రాశావు. అక్కడి బోర్డు మీద చాలాకాలం ఆ అంకే ఉండేది. సరిగ్గా కొలిస్తే 17,582. ఎనిమిది వందల అడుగులు తగ్గితే నీ కష్టం తగ్గదు. బోర్డులో అలా ఉందనీ, కొలతలో ఇలా తేలిందనీ రెండూ రాయి.

నేను చేసిన తప్పు ఒకటి చెప్తాను. చిన్నప్పుడు మందస వైపు నుంచి మహేంద్రగిరి ఎక్కాను. మంచు కమ్మి దారి తప్పాను, చీకటి పడిపోయింది. ఒక సవర తెగ ముసలాయన కనిపించి తన ఇంటికి తీసుకెళ్లి చోడి (రాగి) అంబలి పోశాడు. తెల్లారాక గెడ్డ (వాగు) దాటించి దారి చూపించాడు. పదేళ్ల తర్వాత రాసినప్పుడు, నేనే గెడ్డ వెంట నడిచి దారి కనుక్కున్నానని రాసేశాను. చదివినవాళ్లు మెచ్చుకున్నారు. ఆయన పేరైనా అడగలేదు నేను. ఆ పేజీ ఇప్పుడు తీస్తే, అంబలి రుచి ఒక్కటే నాకు నిజంగా గుర్తున్నది, అదే అందులో లేదు.

భయపడిన చోట భయపడ్డానని రాయి. ఏడిస్తే ఏడ్చానని రాయి. వాతావరణ వర్ణన తగ్గించు, అది అందరూ రాసేదే.

మూడో అధ్యాయం చివర, పాంగ్‌లో తలనొప్పితో పడిపోతే డేరా హోటల్ నడిపే ఆవిడ రాత్రంతా చూసుకుందని ఒక్క వాక్యం రాసి వదిలేశావు. ఆవిడ ఏం తాగించింది? నీ భాష ఆవిడకి, ఆవిడ భాష నీకు ఎలా అర్థమయ్యాయి? పొద్దున డబ్బులు తీసుకుందా? నాలుగో అధ్యాయం అక్కణ్ణుంచే మొదలుపెట్టి పంపించు. అత్తయ్య కూడా అదే అడుగుతోంది.

మీ మామయ్య