నాలుగూ పది దగ్గర ఆగిన గడియారం

పర్లాకిమిడి నుంచి ఒక సోదరి రాసిన ఉత్తరం సారాంశం: “మావారికి నలభై మూడేళ్లు. మామగారి నాటి వాచీల రిపేరు కొట్టు నడుపుతున్నారు. మామగారు పోయిన ఈ మూడేళ్లుగా, రాత్రి కొట్టు కట్టేశాక వెనుక గదిలో కూర్చుని, ఎక్కడా లేని ఒక దేశంలో కాలాన్ని సంగీతంగా మార్చే యంత్రకారుడి జీవితకథ రాస్తున్నారు. పాత గోడగడియారాల చక్రాలతో ఆ యంత్రాన్ని కూడా కడుతున్నారు. బాగుచేయమని ఇచ్చిన వాచీలు నెలల తరబడి డబ్బాల్లోనే ఉంటున్నాయి. పదో తరగతి చదివే అమ్మాయి బడిలో పాడిన రోజు కూడా రాలేదు. అత్తగారు గాలి సోకిందంటున్నారు. డాక్టరుకు చూపించాలా? ఆ సామానంతా పాత ఇనుము వాడికి వేసేయాలా?”

అమ్మా, మీ ఉత్తరం ఏడు పేజీలుంటే అందులో నాలుగు మీ కష్టం గురించి కావు, ఆయన కథ గురించి. ఆ దేశంలో ఎవరైనా తమ జీవితంలోని ఒక గంట కాలాన్ని తెచ్చిస్తే యంత్రకారుడు దాన్ని పీపాకు చుట్టి పాటగా వినిపిస్తాడనీ, వినిపించిన గంట మళ్లీ వాళ్లకు దక్కదనీ, తన తండ్రి వదిలి వెళ్లిన గడియారం మాత్రం నాలుగూ పది దగ్గర ఆగిపోయి, ఎన్నిసార్లు కీ ఇచ్చినా ఒక్క స్వరమూ పలకదనీ ఎంతో వివరంగా రాశారు. ఇదంతా ఆయన నిద్రపోయాక నోటుపుస్తకాలు తెరిచి చదివి తెలుసుకున్నానని చివర ఒక్క వాక్యంలో చెప్పి దాటేశారు. ఉత్తరం మొత్తంలో నాకు ముఖ్యంగా కనిపించింది ఆ వాక్యమే.

మీ మామగారు తెల్లవారుజామున నాలుగు దాటాక కన్నుమూశారని మొదటి పేజీలో మీరే రాశారు. ఈ రెంటినీ మీరు కలిపి చూశారో లేదో నాకు తెలియదు. పక్కపక్కనే రెండు బల్లల మీద ఇరవై ఏళ్లు పనిచేసిన తండ్రి పోతే, మగవాడు ఏడవకూడదనుకునే ఇంట్లో, ఆ దుఃఖం ఏదో ఒక దారి వెతుక్కుంటుంది. మీవారికి చేతిపనీ కథా దొరికాయి. తాగుడో పేకాటో దొరికి ఉంటే ఈపాటికి మీరు నాకు వేరే ఉత్తరం రాసేవారు.

కాలాన్ని పాటగా మార్చాలన్న ఊహ పిచ్చి కాదు. ఆదితాళం వేసేవాళ్లు కాలాన్ని ఎనిమిది అక్షరాలుగా, అంటే ఎనిమిది సమాన భాగాలుగా, చేత్తో కొలుస్తారు. భూపాల రాగం తెల్లవారుజాముకూ నీలాంబరి జోలపాటకూ అని మనవాళ్లు ఏనాడో పంచిపెట్టారు. 1206లో అల్ జజారీ అనే యంత్రవేత్త రాసిన పుస్తకంలోని నీటిగడియారం మీద బొమ్మ వాద్యగాళ్లు నిర్ణీత ఘడియల్లో వాయిస్తారు. పీపా మీద గుచ్చిన ముళ్లు తిరుగుతూ ఉక్కు దువ్వెన పళ్లను మీటితే పాట పలికే పెట్టెలో ఉండేది కూడా గడియారపు స్ప్రింగే. సైకిలు పుల్లలు కత్తిరించి డబ్బాకు ముళ్లుగా బిగించారనీ, ఒక రాత్రి నాలుగు స్వరాలు పలికి ఆగిపోయిందనీ రాశారు కదా, పని తెలిసినవాడు చేసే ప్రయత్నమే అది.

అయితే డాక్టరు మాటను నేను కొట్టిపారేయడం లేదు. వరుసగా రోజుల తరబడి నిద్ర లేకపోయినా అలసట లేకుండా తిరగడం, తిండి మానేయడం, ఎవరికీ వినపడని మాటలు వినపడుతున్నాయనడం, ఆ యంత్రం నిజంగానే తండ్రిని వెనక్కి తెస్తుందని నమ్మడం, బతకాలని లేదనడం, వీటిలో ఏ ఒక్కటి కనిపించినా ఆలస్యం చేయవద్దు. బరంపురంలోని ఎం.కె.సి.జి. వైద్య కళాశాలలో మానసిక వైద్య విభాగం ఉంది. ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయ సేవ టెలి మానస్ వారి 14416కు ఉచితంగా ఫోన్ చేయవచ్చు. మీరు రాసినదాన్ని బట్టి అవేవీ ఇప్పటికి లేవు. భూతవైద్యుడి దగ్గరకు తీసుకువెళ్లే ఆలోచన మాత్రం అత్తగారి చేత మాన్పించండి. ఆవిడకూ పోయింది భర్తేనని గుర్తుంచుకుని మెత్తగా చెప్పండి.

సామాను అమ్మవద్దు. ఆ చక్రాల్లో సగం మామగారు దాచినవి. కానీ దుఃఖం ఉన్నంత మాత్రాన ఊరివాళ్ల వాచీలు డబ్బాల్లో మురగడం న్యాయం కాదు, బియ్యం ఖర్చు మీ కుట్టుమిషను ఒక్కటే మోయడమూ న్యాయం కాదు. డబ్బాల్లోని వాచీలను యజమాని పేరుతో, తీసుకున్న అడ్వాన్సుతో ఒక పుస్తకంలో ఇద్దరూ కూర్చుని ఎక్కించండి. మధ్యాహ్న భోజనం వరకు పాత బాకీ పనే, రాత్రి తొమ్మిది నుంచి పదిన్నర వరకు ఆయన గది ఆయనదే. మొదటి వారం ఇది తప్పకుండా చెడుతుంది. రెండో వారం మళ్లీ మొదలుపెట్టండి.

ఇక అమ్మాయి సంగతి. ఒడియా బడిలో చదివినందువల్ల నాన్న రాసే తెలుగు తనకు చదవరాదని, “అందులో నా గురించి ఏమైనా ఉందా అమ్మా?” అని అడిగిందని రాశారు. నన్ను ఎక్కువసేపు ఆపినది ఈ మాట. వాడుకభాష కోసం పోరాడిన గిడుగు రామమూర్తి గారు పాఠాలు చెప్పిన ఊరు మీది. 1936లో ఆ ఊరు ఒడిశాలో కలిసింది, తరాలు మారేసరికి మీ ఇంట్లో మాట మిగిలి అక్షరం జారిపోయింది. అది ఎవరి తప్పూ కాదు. పిల్లకు చదవడం రాకపోయినా వినడం వచ్చు. ఆదివారం సాయంత్రం ఒక గంట ఆయన చేత ఆ కథ పైకి చదివించండి, అత్తగారిని కూడా కూర్చోబెట్టండి. బడిలో పాడిన పాట అమ్మాయి అప్పుడు నాన్నకు వినిపించవచ్చు.

దానికన్నా ముందు, నోటుపుస్తకాలు చదివానని ఆయనకు మీ నోటితో చెప్పాలి. కోపం రావచ్చు, కాసేపు లేచి వెళ్లిపోవచ్చు కూడా. ఆ పూట సామాను మాట, అప్పుల మాట ఎత్తకండి. నాలుగూ పది దగ్గర ఆగిన ఆ గడియారం తర్వాత ఏమైందని మాత్రం అడగండి.