చిన్న వేషాల సంగతి

విజయనగరం

చిరంజీవి బాబుకు ఆశీస్సులు.

సినిమా దర్శకుడు ఎల్.వి. ప్రసాద్ గారి మీద నువ్వు పంపిన వ్యాసం చదివాను. భాష శుభ్రంగా ఉంది. కానీ రెండో పేజీలో 'నటుడిగా రాణించలేక దర్శకత్వం వైపు మళ్లారు' అన్నావు చూడు, అక్కడ నాకు ఒళ్లు మండింది. కాగితాలు పక్కన పెట్టేసి గంటస్తంభం దాకా నడిచి వచ్చాను.

ఏలూరు దగ్గరి సోమవరప్పాడు కుర్రవాడు బొంబాయి వెళ్లి సినిమా కంపెనీలో చిల్లర పనులు చేశాడు. 1931లో మన దేశపు మొదటి టాకీ 'ఆలం ఆరా'లో చిన్న వేషం, అదే ఏడాది 'కాళిదాస్'లో మరొకటి. 1932లో 'భక్త ప్రహ్లాద'లో చండామార్కుల దగ్గర చదివే మొద్దబ్బాయి. 1946లో 'గృహప్రవేశం' తీస్తూ తానే కథానాయకుడిగా వేశారు. నటన వదిలేసిన మనిషి చేసే పనేనా అది?

చిన్న వేషం వేసినవాడికి తెలిసేది పెద్ద వేషగాడికి తెలియదు బాబూ. నాటకాల రోజుల్లో నాకు దక్కింది ద్వారపాలకుడి వేషం. ఒక్క మాట లేదు. బల్లెం పట్టుకుని తెల్లవార్లూ నిలబడాలి. ఏ పద్యానికి జనం లేచి బీడీ కోసం బయటకు పోతున్నారో, ఏ మాటకు చంటిపిల్లను ఊపుతున్న తల్లి చేయి ఆగిపోతుందో అక్కడి నుంచే చూశాను. సంభాషణ రాయడం నాకు వచ్చింది ఆ మూల నిలబడే.

ప్రసాద్ గారు తీసిన 'మిస్సమ్మ' మళ్లీ చూడు. 1955 నాటి సినిమా. రేలంగి దేవయ్య 'తైలం' అని చేయి చాపేది ఎంతసేపని? అప్పు కోసం వెంటపడే రమణారెడ్డి డేవిడ్ కనిపించేది ఎంతసేపని? అయినా ఇద్దరూ గుర్తుండిపోయారు. మూలన నిలబడిన మనిషికీ ఒక మనసుంటుందని తెలిసిన దర్శకుడు తీశాడు కాబట్టి. ఎన్టీఆర్‌ను 1949లో 'మనదేశం'తో తెరకు తెచ్చింది కూడా చిన్న పోలీసు పాత్రలోనే.

నువ్వేమో ఫాల్కే పురస్కారానికి పేజీన్నర ఇచ్చావు. ఈ జబ్బు నీది కాదు, సంపాదకులది. ఒక రంగస్థల నటుడి మీద నేను రాసిన వ్యాసంలో, ఆయన తెర వెనుక రంగు కడుక్కునే పేరా కొట్టేసి, ఆ చోట సన్మానాల పట్టిక వేశాడొక ఆదివారం అనుబంధం పెద్దమనిషి. ఆ కోపం ఇంకా చల్లారలేదు.

పుస్తకం ఎవరు వేస్తారని అడిగావు. అది తర్వాత చూద్దాం. 1981లో 'అమావాస్య చంద్రుడు'లో కథానాయిక తాతగా వేశారాయన, డెబ్బై దాటాక. స్టూడియో అధిపతి అయ్యాక కూడా మళ్లీ ముఖానికి రంగు వేసుకున్నారు. నీ వ్యాసంలో ఆ తాత ఊసే లేదు. సినిమా సంపాదించి చూసి, అక్కడి నుంచి మొదలుపెట్టి తిరగరాయి. సిరిమాను పండుగకు వస్తావుగా, అప్పుడు చేతికివ్వు. పోస్టులో పంపకు.