మెటల్ ఆల్బమ్ చేయబోతున్న మేనల్లుడికి

చిరంజీవి అల్లుడికి మామయ్య ఆశీస్సులు.

మెటల్ బ్యాండు (గిటార్ల హోరుతో సాగే రాక్ సంగీతం వాయించే బృందం) వాళ్లు తమ మొదటి ఆల్బమ్‌కి నిన్ను ప్రొడ్యూసర్‌గా, అంటే రికార్డింగ్ ఎలా సాగాలో నడిపించేవాడిగా, పెట్టుకున్నారని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. చాలా సంతోషంరా. కంప్యూటర్లో ధ్వనిని మార్చే ప్లగిన్ల సంగతి నాకన్నా నీకే బాగా తెలుసు. కానీ ఆ కుర్చీలో కూర్చున్నవాడు ఎప్పుడు చెయ్యి పెట్టకుండా ఊరుకోవాలో, ఎప్పుడు పట్టు వదలకూడదో తెలియడమే అసలు విద్య. ఈ సంగీతం పుట్టిన రోజుల్లో ఇంగ్లండు ప్రొడ్యూసర్లు ఏం చేశారో చూస్తే అది తెలుస్తుంది.

ముందు రోజర్ బెయిన్ అనే ప్రొడ్యూసర్ గురించి. 1969 అక్టోబరులో బ్లాక్ సబ్బాత్ బ్యాండు వాళ్లు, బర్మింగ్‌హామ్ కుర్రాళ్లు నలుగురు, లండన్‌లో రీజెంట్ సౌండ్ అనే చిన్న స్టూడియోకి వచ్చారు. టేపు మీద విడివిడిగా రికార్డు చేయడానికి ఉన్నవి నాలుగు ట్రాకులు, చేతిలో దాదాపు ఒక్క రోజు. క్లబ్బుల్లో వాయించి వాయించి పాటలు వాళ్ల వేళ్లలో ఇంకిపోయి ఉన్నాయి. బెయిన్ వాళ్లను విడదీయలేదు. అందరినీ కలిసి వాయించమన్నాడు, పాడేవాణ్నీ అప్పుడే పాడమన్నాడు. ఒక పాట అయ్యేసరికి గిటారిస్టు టోనీ ఐయోమీ స్ట్రాటోకాస్టర్ గిటార్‌లో తీగల ధ్వనిని అందుకునే పికప్ పోయింది. అతను గిబ్సన్ ఎస్‌జీ అనే ఇంకో గిటార్ అందుకున్నాడు, పని సాగిపోయింది. మొదటి పాట ముందు వినిపించే వాన, ఉరుము, గంట మాత్రం బ్యాండు వెళ్లిపోయాక చేర్చినవి. ‘బ్లాక్ సబ్బాత్’ ఆల్బమ్ 1970 ఫిబ్రవరి 13న వచ్చింది. ఇప్పటికీ హెడ్‌ఫోన్లు పెట్టుకుని వింటే నలుగురు మనుషులు ఒకే గదిలో ఒకరి ఊపిరి ఒకరు వింటూ వాయిస్తున్నట్టే ఉంటుంది. నీ బ్యాండులో ఆ పట్టు ఉంటే కంప్యూటర్లో తాళం గీతల గ్రిడ్ మీద కోసి అతికించి దాన్ని చంపకు.

చెయ్యి పెట్టకపోవడమంటే చేతులు కట్టుకుని కూర్చోవడం కాదు. రెండో ఆల్బమ్‌కి నిడివి కొంచెం తగ్గితే ఇంకో పాట కావాలని బెయిన్ అడిగాడు. అప్పటికప్పుడు పుట్టిందే ‘పారనాయిడ్’. అది బ్రిటన్ చార్టుల్లో నాలుగో స్థానం దాకా వెళ్లింది. ఏం లోటుందో చెప్పగలిగేవాడు గదిలో ఒకడుండాలి. ఆ ఒకడివి నువ్వు.

అదే బెయిన్ 1974లో జూడాస్ ప్రీస్ట్ అనే ఇంకో మెటల్ బ్యాండు మొదటి ఆల్బమ్ చేస్తే, దాని ధ్వని తమకు నచ్చలేదని ఆ బ్యాండు వాళ్లే తర్వాత చెప్పుకున్నారు. ఒక బ్యాండుకి కుదిరిన పద్ధతి ఇంకో బ్యాండుకి కుదురుతుందన్న నమ్మకం లేదు. ప్రతిసారీ మొదటి నుంచి వినాలి.

ఇక మార్టిన్ బర్చ్. నాకు ఆయనంటే అమిత గౌరవం. 1971 డిసెంబరులో స్విట్జర్లాండులోని మాంట్రూలో డీప్ పర్పుల్ అనే రాక్ బ్యాండు రికార్డు చేయాలనుకున్న కసీనో తగలబడిపోయింది. చలికాలానికి మూసేసిన గ్రాండ్ హోటల్ నడవాలో పరుపులు అడ్డంపెట్టి వాయించారు. రికార్డింగ్ యంత్రాలున్న లారీ బయట ఉంది, రికార్డింగ్ ఇంజనీరు బర్చ్. లారీ దాకా వెళ్లాలంటే గదులూ బాల్కనీలూ దాటాలి కాబట్టి, ప్రతి టేకూ (ఒకసారి వాయించి రికార్డు చేసింది) వెళ్లి వినడం మానేసి, తమకు తృప్తి కలిగేదాకా వాయించారు. నువ్వూ ప్రతి టేకు తర్వాత స్క్రీన్ ముందు అందర్నీ పోగుచెయ్యకు. వేడి చల్లారిపోతుంది.

పట్టు వదలకపోవడం ఆయన దగ్గరే నేర్చుకోవాలి. 1982లో ఐరన్ మెయిడెన్ బ్యాండు ‘ద నంబర్ ఆఫ్ ద బీస్ట్’ పాట మొదట్లో వచ్చే నాలుగు వాక్యాలను బ్రూస్ డికిన్సన్‌తో గంటల తరబడి పాడించాడు. విసిగిపోయిన గాయకుడు ఆఖరికి పెట్టిన కేకే రికార్డులో ఉంది. కానీ ఆ గొంతులో ఇంకా ఉందని బర్చ్‌కి ముందే తెలుసు. తెలియకుండా మళ్లీ మళ్లీ పాడిస్తే అది హింస అవుతుంది, గొంతూ పోతుంది. నీకేం కావాలో నీకు తెలియనప్పుడు టేకు అడగొద్దు.

తొందరపడకు. బర్చ్ చాలా ఏళ్లు ఇంజనీరుగా చేశాకే పెద్ద ప్రొడ్యూసర్ అయ్యాడు. బెయిన్ పక్కన ఇంజనీరుగా కూర్చున్న టామ్ అలమ్ 1980లో జూడాస్ ప్రీస్ట్ ‘బ్రిటిష్ స్టీల్’ ఆల్బమ్‌కి ప్రొడ్యూసర్. అందులో ఒక పాటలో లోహపు అడుగుల చప్పుడు కోసం చెంచాలూ ఫోర్కులూ ఉన్న ట్రేలు ఊపి రికార్డు చేశారు. ముందే రికార్డు చేసిన చప్పుళ్లుండే శాంపిల్ లైబ్రరీ తెరిచే ముందు వంటింట్లోకి ఒకసారి వెళ్లిరా.

డబ్బు సంగతి రోజువారీనా, రాయల్టీనా, అట్ట మీద పేరు ఎలా వేస్తారు అన్నది మొదటి సెషన్‌కి ముందే కాగితం మీద రాసుకోండి. స్నేహితులైతే మరీ ముఖ్యం.

ముందు వాళ్ల రిహార్సల్‌కి ఒట్టి చేతులతో వెళ్లు. డ్రమ్మర్ పాట మధ్యలో ఎక్కడ పరుగెడుతున్నాడో, శ్రుతి దింపిన గిటార్లు ఎక్కడ జారుతున్నాయో విను. ఆఖరి అరగంట ఫోన్లో రికార్డు చేసి నాకు పంపు. డ్రమ్స్‌కి మైకులు ఎన్ని పెట్టాలో అది విన్నాక మాట్లాడుకుందాం.

నీ మామయ్య