థెరెమిన్‌ని ‘మీటింది’ అనొచ్చా?

సందేహం: ఎలక్ట్రానిక్ సంగీతం తొలిరోజుల మీద వ్యాసం రాస్తూ ‘క్లారా రాక్‌మోర్ థెరెమిన్ మీటింది’ అన్నాను. ముట్టుకోని వాద్యాన్ని మీటడం ఏంటని మా స్నేహితుడు అడిగాడు. ‘వాయించింది’ అన్నా తప్పే అంటున్నాడు. ఏది సరైనది?

సమాధానం: మీ స్నేహితుడి మాట సగం కరెక్ట్. మీటాలంటే తీగ ఉండాలి, దానికి వేలో గోరో తగలాలి. 1920 ప్రాంతంలో రష్యాలో లెవ్ టెర్మెన్ (పడమటి దేశాల్లో లియోన్ థెరెమిన్ అన్నారు, వాద్యానికీ అదే పేరు నిలిచింది) తయారుచేసిన ఈ పెట్టెకి ఉన్నవి రెండు యాంటెన్నాలు, కుడిపక్క నిలువు కడ్డీ, ఎడమపక్క అడ్డంగా ఒక చుట్టు. కుడిచెయ్యి కడ్డీకి దగ్గరయ్యేకొద్దీ శ్రుతి హెచ్చుతుంది, ఎడమచెయ్యి చుట్టుకి దగ్గరయ్యేకొద్దీ ధ్వని తగ్గుతుంది. చేతులు దేన్నీ తాకవు.

కానీ ‘వాయించు’ విషయంలో ఆయనతో నేను ఒప్పుకోను. మృదంగాన్ని అరచేత్తో కొడతాం, వేణువుని ఊదుతాం, ఫిడేలు మీద కమాను లాగుతాం, అయినా మూడింటికీ ‘వాయించు’ చెల్లుతోంది కదా! కొట్టు, ఊదు, మీటు అన్నప్పుడు చెయ్యో నోరో ఏం చేస్తోందో తెలుస్తుంది. వాయించు అన్నప్పుడు సంగీతం పుడుతోందని తెలిస్తే చాలు. గాలిలో చెయ్యి ఆడించి సంగీతం పుట్టిస్తే అదీ వాయించడమే.

నన్నడిగితే ‘పలికించింది’ ఇంకా బాగుంటుంది. వాద్యం అన్న మాటలోనే అది ఉంది, సంస్కృతంలో ‘వద్’ అంటే పలకడం. రాక్‌మోర్ వీడియో ఒకటి చూడండి. భుజం కాస్త ఊగినా శ్రుతి చెదిరిపోతుంది కాబట్టి ఒళ్లు కదలదు, కుడిచేతి వేళ్లు మాత్రం గాలిలో విచ్చుకుంటూ ముడుచుకుంటూ ఒక్కో స్వరాన్నీ పట్టుకుంటాయి. వీణకున్నట్టు మెట్లు లేవు, అందుకని స్వరం నుంచి స్వరానికి వెళ్తుంటే దారంతా వినిపిస్తుంది, మన సంగీతంలో ‘జారు’ అంటామే, అలాగ. చేతి బాధ వల్ల ఫిడేలు వదిలి వచ్చిన ఆవిడ ఆ జారుని ఎంత అదుపులో పెట్టుకుందో వింటే ‘పలికించింది’ అని ఎందుకంటున్నానో మీకే తెలుస్తుంది.

ఒక జాగ్రత్త. పియెర్ షెఫెర్ 1948లో పారిస్‌లో రైళ్ల చప్పుళ్లు రికార్డు చేసి, ఆ ముక్కలతో సంగీతం చేశాడు. అక్కడ వాయించడమూ కుదరదు, పలికించడమూ కుదరదు. ముక్కలు ఏరి, వరస మార్చి, పక్కపక్కన పేర్చిన పని అది, దానికి ‘కూర్చాడు’ అనే చక్కటి మాట మనకి ఉంది. మీ వ్యాసంలో ఆయన ప్రస్తావన వస్తే అదే వాడండి.